పెద్దవాళ్ళకు బొమ్మల సినిమాలు చూపించిన క్లాసు

తెనాలి స్టేషన్లో నన్ను ఇప్పటికీ కొందరు "బొమ్మల మాస్టారు" అంటారు. వెనకనుంచి అంటారు. నేను తిరిగి చూసేసరికి టీ గ్లాసులోకి చూస్తూ ఉంటారు. అననివ్వండి. పెట్టినవాళ్ళు వెక్కిరింపుగా పెట్టారు, నేను బిరుదుగా తీసుకున్నాను. మా ఇంట్లో బిరుదులకు ఎప్పుడూ లోటు లేదు. లోటు వచ్చింది మిగతావాటికే.

ఇంగ్లీషు చెప్పే పనిలోకి కొత్తగా వస్తున్నవాళ్ళు అప్పుడప్పుడు నా దగ్గరికి వస్తారు. ఏ పుస్తకం మంచిదండి, ఏ యాప్ మంచిదండి అని అడుగుతారు. జపాను వాళ్ళు గీసిన హాస్యపు బొమ్మల సినిమాలు, ఇంగ్లీషు గొంతులు పెట్టినవి తెచ్చి పెద్దవాళ్ళకు చూపించండి అంటాను. కుర్రాళ్ళు వాటిని యానిమే అంటారు. వచ్చినవాళ్ళు పెద్దవాణ్ణి కదా అని మర్యాదగా తలూపి వెళ్ళిపోతారు. వెళ్ళి మళ్ళీ వ్యాకరణం పుస్తకమే కొంటారు. అందుకని ఇది రాస్తున్నాను. కాగితానికి మర్యాద చేయనక్కర్లేదు. చదివి కోప్పడవచ్చు.

ఇంక్రిమెంట్లు, సీనియారిటీ, బదిలీల గురించి ఇందులో ఏమీ ఉండదు. ఎవరికీ పనికిరావు.

మా ఇంటి సంగతి

ఇది నేను చెప్పకపోతే ఎవరో ఒకరు చెబుతారు కాబట్టి ముందే చెప్పేస్తాను. కొల్లిపర వైపు మా తాతగారికి లంక పొలాలు, పసుపు తోటలు, గుర్రబ్బండి ఉండేవి. పంచాయితీలు మా అరుగు మీదే తీరేవి. మా నాన్నగారికి నాటకాల పిచ్చి. పద్యనాటకాల సమాజాన్ని ఒకదాన్ని పోషించారు. హార్మోనియం వాయించేవాడి దగ్గర్నుంచి కిరీటాలకు అద్దాలు అతికేవాడి దాకా అందరికీ మా ఇంట్లోనే భోజనం. చివరికి కిరీటాలు మిగిలాయి, పొలాలు పోయాయి.

మా ఇంటి మగవాళ్ళు నలుగురిలో నవ్వరు. తాతగారి కట్టడి అది. నాన్నగారు ఒక్కరే తప్పారు. నాటకంలో హాస్యగాడు రాగానే ముందు వరసలో కూర్చుని పందిరి అదిరేలా నవ్వేవారట. ఆ నవ్వు గురించి విన్నాక తాతగారు ఆయనతో మాట్లాడటం మానేశారు. నేను తాతగారి వైపు మనిషిని. ఆస్తి రాలేదు గాని నిటారుగా కూర్చోవడం, నవ్వకపోవడం వచ్చాయి. రైల్లో కూడా సీటుకి వీపు ఆనించను.

నేను బొమ్మలు చూపిస్తున్నానని తెలిశాక మా మేనత్త కబురు పెట్టి మరీ పిలిపించింది.

"మీ నాన్న రంగు పూసుకున్న మొహాలకు దోచిపెట్టాడు. నువ్వు రంగు బొమ్మలు పట్టుకున్నావు. మన ఇంటికి రంగే శత్రువురా అబ్బాయ్!"

"ఈసారి పోవడానికి ఏమీ లేదు కదత్తయ్యా, భయపడకు," అన్నాను.

అసలు పని ఏమిటంటే

రేపల్లెలో అద్దె ఇల్లు. పొద్దున్నే రైల్లో తెనాలి, అక్కణ్ణుంచి బాపట్ల, అక్కడ కాలేజీలో పాఠాలు. సాయంత్రం తిరిగి తెనాలిలో దిగి, ఒక ప్రైవేటు విద్యాసంస్థలో పెద్దవాళ్ళ ఇంగ్లీషు క్లాసు. ఆ తర్వాత రేపల్లె బండి. కాలేజీ పాఠాల గురించి చెప్పడానికి పెద్దగా లేదు. పరీక్ష ఉంటుంది, పిల్లలు రాస్తారు, పాసవుతారు, మరిచిపోతారు. నేను పని నేర్చుకున్నది సాయంత్రం క్లాసులో.

ఆ క్లాసుకి నర్సులు వచ్చేవారు. బ్యాంకు గుమాస్తాలు, బట్టల వర్తకులు, నిజాంపట్నం హార్బర్లో చేపల కంపెనీ సూపర్‌వైజర్లు వచ్చేవారు. చాలామంది డిగ్రీ చదివినవాళ్ళే. పేపరిస్తే చదువుతారు, ఫారం ఇస్తే నింపుతారు. ఎదుట మనిషి నిలబడి ఇంగ్లీషులో ఒక మాట అడిగితే మాత్రం చేతులు కట్టుకుంటారు. గమనించారో లేదో, మనవాళ్ళు ఇంగ్లీషు మాట్లాడేటప్పుడు చేతులు కట్టుకుని నిలబడతారు. ఇంగ్లీషు మన దగ్గరికి అధికారిలా వచ్చింది, బూట్లతో వచ్చి కుర్చీలో కూర్చుంది. దానికి జవాబు చెప్పడమే నేర్చుకున్నాం గాని దానితో పోట్లాడటం, వేళాకోళం ఆడటం ఎవరూ నేర్పలేదు. మాట తిప్పికొట్టడం రాని భాష వచ్చినట్టు కాదు. ఇది నా తీర్పు, మార్చుకోను.

చాలా ప్రయత్నాలు చేశాను. రేడియో వార్తలు వినిపించాను, నిద్రపోయారు. ఇంగ్లండు సినిమా చూపించాను. "వాళ్ళు నోరు తెరవకుండా ఎలా మాట్లాడతారండి?" అని అడిగారు. అమెరికా సినిమా పెడితే ఇంటర్వెల్ కాకముందే హీరో హీరోయిన్ ఒకరి మీద ఒకరు పడ్డారు. ఆడవాళ్ళు ఒకవైపు, మగవాళ్ళు ఒకవైపు కూర్చున్న క్లాసు అది. అందరూ నేల మీద ఏదో పోగొట్టుకున్నట్టు వెతికారు. ఆ మర్నాడు సగంమంది రాలేదు.

రేపల్లె ప్యాసింజర్లో

ఒక పొద్దున రైలెక్కేసరికి ఎదుటి సీట్లో కరుణ ఉంది. రేపల్లె అమ్మాయి. తెనాలిలో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో నర్సు. వాళ్ళ నాన్నగారు లూథరన్ బడిలో పనిచేసి రిటైరైన మాస్టారు. మా క్లాసులో చేరి నెలలు గడుస్తున్నా ఆ అమ్మాయి గొంతు ఎలా ఉంటుందో నాకు తెలియదు. అడిగినదానికల్లా తలాడించేది. డాక్టరుగారు ఇంగ్లీషులో ఏదైనా అడిగితే చెమటలు పడతాయని, చేతిలో ట్రే వణుకుతుందని చేరిన రోజు వాళ్ళ నాన్నగారే చెప్పారు.

ఆ పొద్దున మాత్రం చెవుల్లో ఇయర్‌ఫోన్లు పెట్టుకుని, ఫోను చూస్తూ, చున్నీ నోటికి అడ్డంపెట్టుకుని భుజాలు అదిరేలా నవ్వుతోంది. నన్ను చూసి ఫోను బోర్లా పెట్టేసింది.

"ఏంటమ్మా అది?"

"ఏం లేదండి. మా అక్క పిల్లలు చూసే బొమ్మలండి. పొరపాటున వచ్చిందండి."

"అక్క పిల్లలు ఈ రైల్లో ఉన్నారా?"

"లేరండి."

"మరి నవ్వింది ఎవరు?"

"నేనేనండి."

"ఏ భాషలో ఉంది?"

"బొమ్మలు జపాను వాళ్ళవండి. మాటలు ఇంగ్లీషులో పెట్టారండి."

"క్లాసులో నేను మెల్లగా అడిగితేనే తల వంచుకుంటావు. వీళ్ళు ఇంత గబగబా మాట్లాడుతుంటే అర్థమవుతోందా?"

కరుణ మొదటిసారి నా మొహంలోకి సూటిగా చూసింది. "అర్థం కాకపోతే నవ్వెందుకొస్తుందండి?"

బోధనాపద్ధతుల మీద నేను చదివిన పుస్తకాలన్నిటిలోనూ ఇంత పనికొచ్చే వాక్యం లేదు. ఫోను ఇమ్మని అడిగి చూశాను.

కథ ఇది. జపానులో ఒక పాత సంస్థానం కోట కూలిపోయింది. ఆ స్థలంలో అంతస్తుల మీద అంతస్తులు వేసి పెద్ద బజారు కట్టారు. ఆ వంశంలో మిగిలిన ఒక్క వారసుడు అదే బజారులో లిఫ్ట్ నడిపే ఉద్యోగం చేస్తుంటాడు. ఇస్త్రీ నలగని కోటు, తెల్ల చేతితొడుగులు. ఒక్కో అంతస్తు రాగానే దర్బారులో చోబ్‌దారులా ప్రకటిస్తాడు: "రెండో అంతస్తు. మా తాతగారి ఆయుధశాల. ప్రస్తుతం ప్రెషర్ కుక్కర్లు. జాగ్రత్తగా దిగండి." గొంతులో చిన్న తేడా కూడా రాదు. మొహం కదలదు. లిఫ్టులో ఉన్నవాళ్ళు ఎవరూ నవ్వరు.

వేమూరు దగ్గర్నుంచి తెనాలి దాకా చూశాను. నేనూ నవ్వలేదు. దిగేముందు ఫోను తిరిగిచ్చి, "దీని తర్వాత భాగం ఉందా?" అని మాత్రం అడిగాను.

కుర్చీ ఎక్కడ వేయాలి

ఆ వారమే క్లాసులో పెట్టాను. తెర పక్కన నా కుర్చీ వేసుకుని, క్లాసు వైపు తిరిగి కూర్చున్నాను. చీమ చిటుక్కుమంటే ఒట్టు. రైల్లో అంత నవ్విన కరుణ కూడా చర్చిలో కూర్చున్నట్టు కూర్చుంది.

అయిపోయాక వీరరాఘవులు గారు ఆగారు. మా క్లాసులో అందరికంటే పెద్దాయన. చీరాల నేతవారి కుటుంబం, తెనాలిలో బట్టల కొట్టు. బయటి రాష్ట్రాల వర్తకులతో ఫోన్లో మాట్లాడాలని క్లాసుకి వచ్చేవారు.

"మాస్టారూ, చెబితే ఏమీ అనుకోరు కదా?"

"చెప్పండి."

"మీరు నవ్వితే నేను నవ్వుతానండి. నేను నవ్వితే వీళ్ళు నవ్వుతారు. అది వరసండి. మీరేమో..."

"నేనేమో?"

"మీరేమో శిలాశాసనంలా కూర్చున్నారండి. శాసనం ముందు ఎవరు నవ్వుతారండి?"

మర్నాడు కుర్చీ తీసుకెళ్ళి చివరి గోడ దగ్గర వేశాను. లిఫ్ట్ మనిషి మొదటి అంతస్తు ప్రకటించేసరికి వీరరాఘవులు గారు వెనక్కి తిరిగి చూశారు. నేను చీకట్లో కనిపించలేదు. ఇంక ఆయన్ని ఆపేవాడు లేడు. తర్వాత క్లాసుని ఆపేవాడు లేడు. మీరు ఎంత గొప్ప మాస్టారైనా సరే, నవ్వే పాఠానికి మీ కుర్చీ వెనక ఉండాలి. ముందు కూర్చున్న పెద్దమనిషి మన దగ్గర బల్బు స్విచ్చు లాంటివాడు, అందరి మొహాలూ ఆయన చేతిలో ఉంటాయి.

ఇంకొక పొరపాటు కూడా చెబుతాను. మొదట్లో తెర కింద ఇంగ్లీషు అక్షరాలు వేయించాను. సాయమవుతుందనుకున్నాను. వేగంగా చదివేవాడు ముందు నవ్వాడు. మెల్లగా చదివేవాడు వాడి నవ్వు విని, తనకి రాలేదే అని ముడుచుకున్నాడు. తెలివైనవాడెవడో, కానివాడెవడో బయటపడిపోయింది. పెద్దవాళ్ళకు అంతకంటే అవమానం లేదు. అక్షరాలు తీసేశాను. గొంతు అందరి చెవికీ ఒకేసారి చేరుతుంది, అందరూ ఒకేసారి నవ్వుతారు.

బాపట్ల కాలేజీలో నా తర్వాత చేరిన ఒక కుర్ర లెక్చరరు నాతో వాదానికి దిగాడు. "అసలు గొంతులు జపాను భాషలోనే వినాలి సార్. డబ్బింగులో ఆత్మ పోతుందండి."

"పురాణం విన్నావా బాబూ?"

"చిన్నప్పుడు విన్నానండి."

"సంస్కృతంలోనా?"

"తెలుగులోనండి."

"ఏడుపొచ్చే చోట ఏడుపొచ్చిందా?"

"వచ్చిందండి."

"అయితే ఆత్మ ఎక్కడికీ పోలేదు."

వన్స్ మోర్

ఈ పద్ధతి మాత్రం నేను కనిపెట్టింది కాదు. తెనాలి నేల కనిపెట్టింది.

పద్యనాటకంలో రాగం బాగా తీస్తే జనం "వన్స్ మోర్" అని కేకలేస్తారు. చచ్చిపోయిన పాత్రధారి కూడా లేచి మళ్ళీ పాడి మళ్ళీ చస్తాడు. ఒకరోజు క్లాసులో లిఫ్ట్ మనిషి ఏదో అంతస్తు ప్రకటించగానే వీరరాఘవులు గారు అలవాటు కొద్దీ "వన్స్ మోర్!" అనేశారు. అని నాలుక కరుచుకున్నారు. నేను వెనక్కి తిప్పి మళ్ళీ వేశాను. క్లాసు చప్పట్లు కొట్టింది. ఇంకోసారి అడిగారు. ఇంకోసారి వేశాను. ఆ మాటు తెర మీది గొంతుతో పాటు క్లాసు గొంతు కూడా వినిపించింది. అదే ఊపు, అదే విరుపు. చేతులు కట్టుకోకుండా, సీట్లలో వెనక్కి వాలి, ఇంగ్లీషులో ప్రెషర్ కుక్కర్ల అంతస్తు ప్రకటించారు.

ఏ మాస్టారైనా ఒక వాక్యాన్ని ఇన్నిసార్లు చెప్పమంటే పిల్లలు తిట్టుకుంటారు. వీళ్ళు బతిమాలి అడిగి చెప్పుకున్నారు.

పెద్దవాళ్ళకు ఎందుకు నచ్చుతాయి

బొమ్మలంటే పిల్లలవి అనేవాళ్ళతో నాకు ఓపిక లేదు. మనిషి అరటితొక్క మీద జారి పడితే పిల్లలు నవ్వుతారు. పడినవాడు లేచి, ఎవరైనా చూశారా అని చుట్టూ చూసుకుని, కాలరు సర్దుకుని నడిచిపోతే పెద్దలు నవ్వుతారు. ఈ సినిమాలు రెండో నవ్వు కోసం తీసినవి. వాటిలో పై అధికారికి భయపడే గుమాస్తా ఉంటాడు, పరీక్ష తప్పి ఇంట్లో చెప్పలేనివాడు ఉంటాడు, పరువు కోసం పస్తులుండే ఇల్లాలు ఉంటుంది. జీతం తీసుకుని, ఇల్లు నడిపి, నలుగురిలో మాట పడ్డవాళ్ళకే అవి నవ్వు తెప్పిస్తాయి. పిల్లలకు అందులో ఏముంది?

ఇంకొకటి. ఆ మనుషులు గుమ్మం దగ్గర చెప్పులు విప్పుతారు. నేల మీద కూర్చుని అన్నం తింటారు. పెద్దవాళ్ళ ముందు తల వంచుతారు, వెనక తిట్టుకుంటారు. అచ్చం మనమే. అలాంటివాళ్ళు ఇంగ్లీషు మాట్లాడుతుంటే మా క్లాసుకి మొదటిసారి ఇంగ్లీషు కాళ్ళకు బూట్లు లేవని తెలిసింది. "వీళ్ళు దొరలు కారు కదండీ, మన లాంటోళ్ళే," అని కరుణ ఒకసారి అంది. భయం సగం అక్కడే పోయింది.

మిగతా సగం ఆ గీతలు తీసేశాయి. తెల్లవాళ్ళ సినిమాలో వాళ్ళ రంగు, ఒడ్డు, పొడుగు చూసి మనవాళ్ళు ముడుచుకుంటారు. గీసిన మొహంతో ఎవరూ పోల్చుకోరు. కోపం వస్తే మొహమంతా నోరైపోతుంది, సిగ్గేస్తే మనిషి బొంగరంలా తిరుగుతాడు. మా నాన్నగారి సమాజంలో రాక్షస వేషం కట్టేవాడు కనుగుడ్లు తిప్పితే చివరి వరస దాకా కనిపించేదట. ఆ విద్యే ఇది. గొంతు పెట్టేవాళ్ళూ అంతే. గదిలో కూర్చుని మైకు ముందు నాటకం ఆడతారు, ప్రతి అక్షరమూ విడిగా వినిపిస్తుంది.

అన్నీ మంచివని నేను అనను. బూతు మీద బతికేవి ఉన్నాయి, పారేశాను. అరుపే హాస్యమనుకుని మొదట్నుంచి చివరిదాకా అరిచే డబ్బింగులు ఉన్నాయి, అవీ పారేశాను. ముందు మీరు ఒంటరిగా చూసి, నచ్చితేనే క్లాసులో పెట్టండి. ఆ కష్టానికి బద్ధకించేవాళ్ళు వ్యాకరణమే చెప్పుకోండి.

కరస్పాండెంటు గారు ముందు వరసలో కూర్చున్న సాయంత్రం

ఎవరో ఫిర్యాదు చేశారు. ఫీజు తీసుకుని ముసలాళ్ళకి బొమ్మలు చూపిస్తున్నారని. సంస్థ కరస్పాండెంటు గారు కబురు పెట్టారు: ఒక సాయంత్రం వచ్చి చూస్తాను, చూసి క్లాసు ఉంచాలో తీసేయాలో చెబుతాను.

ఆయనకి బియ్యం మిల్లులుండేవి, తర్వాత చదువుల్లోకి వచ్చారు. సమర్థుడు. వాళ్ళ నాన్నగారు ఒకప్పుడు మా తాతగారి దగ్గర గుమాస్తా. ఈ సంగతి ఆయన ఎన్నడూ ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు. క్లాసులో అందరికీ తెలుసు.

ఆ రోజు వరసలో వచ్చే భాగం ఏమిటో నాకు తెలుసు. బజారు యజమాని లిఫ్ట్ ఎక్కే భాగం. ఆ యజమాని తాత, కోటలో గుర్రాలు కడిగినవాడు. మార్చి ఇంకోటి పెట్టండని వీరరాఘవులు గారు గుమ్మంలోనే చెవిలో ఊదారు. "గొడవెందుకు మాస్టారూ? రోడ్డు దాటే పిల్లి కథ వేసేద్దామండి."

"వరసలో వచ్చింది వేస్తాను," అన్నాను. ఇంకొకరు వస్తున్నారని పాఠం మార్చేవాడు రేపు ఇంకొకరు వస్తే దేన్నైనా మారుస్తాడు.

కరస్పాండెంటు గారు ముందు వరస మధ్యలో కూర్చున్నారు. నేను వెనక గోడ దగ్గర. తెర మీద యజమాని లిఫ్ట్ ఎక్కి బటన్ వైపు చెయ్యి చాపాడు. వారసుడు ఆ చేతిని తెల్ల తొడుగుతో మెల్లగా పక్కకి జరిపాడు.

"క్షమించాలి. బటన్ నొక్కే పని నాది. ఏ అంతస్తుకి?"

"పై అంతస్తుకి."

"చిత్తం. అక్కడ కూర్చునే మా తాతగారు మీ తాతగారి కోసం కబురు పంపేవారు."

మామూలు రోజైతే పైకప్పు లేచిపోయేది. ఆ రోజు ఒక్కరూ కదల్లేదు. అందరి మెడలూ కరస్పాండెంటు గారి మెడ వైపే. ఆ మెడ కదల్లేదు. ఆయన తిరక్కుండానే అన్నారు: "హాస్యమైతే ఎవరూ నవ్వరేంటి మాస్టారూ? పాఠమైతే బొమ్మలేంటి?"

అంతే, క్లాసు పోయినట్టే. ముందు పెద్దమనిషి కూర్చున్నాడు, వరస ఆయన దగ్గర ఆగిపోయింది. తెర మీద లిఫ్ట్ పైకి పోతోంది. ఇద్దరూ పక్కపక్కన నిలబడి తలుపు వైపే చూస్తున్నారు. ఒకడికి భవనం ఉంది, ఒకడికి వెన్నెముక ఉంది. ఇద్దరికీ ఎక్కడ చూడాలో తెలియడం లేదు.

నాకు నవ్వొచ్చింది. ఆపుకోవడం నాకు చేతకాని విద్య కాదు, జన్మంతా చేసిన పనే. ఆ సాయంత్రం ఆపుకోలేదు. పెద్దగా, కుర్చీ కదిలేలా నవ్వాను. గోడలకి తగిలి తిరిగి వచ్చిన ఆ చప్పుడు విని నేనే ఉలిక్కిపడ్డాను. వాళ్ళూ వీళ్ళూ చెప్పగా విన్న ఆ పందిరి నవ్వు, మా నాన్నగారిది, ఇన్నాళ్ళూ నా గొంతులోనే ఉంది.

వీరరాఘవులు గారు వెనక్కి తిరిగి చూశారు. తర్వాత వరస ప్రకారం ఆయన నవ్వారు. ఆయన తర్వాత క్లాసు నవ్వింది.

కరస్పాండెంటు గారు లైట్లు వేయించారు. లేచి నిలబడి, దగ్గరగా కూర్చున్న కరుణ వైపు తిరిగి ఇంగ్లీషులో అడిగారు. "ఇందులో నవ్వడానికి ఏముంది?"

కరుణ లేచింది. చేతులు అలవాటుగా కట్టుకోబోయాయి. మధ్యలో ఆగి పక్కకి దిగాయి. ఇంగ్లీషులోనే చెప్పింది.

"ఆయనకి భవనం మొత్తం పోయింది సార్. కానీ బటన్ మాత్రం ఇంకొకర్ని నొక్కనివ్వడు."

నేను ఆ మాటలు విన్నాను. ఎవరి గురించో నాకు అర్థమైంది. కరస్పాండెంటు గారికీ అర్థమైంది, ఆయన చూపు తిన్నగా నా కుర్చీ దగ్గరికి వచ్చింది. నేను ఇంకొంచెం నిటారుగా కూర్చున్నాను.

అప్పుడు వీరరాఘవులు గారు, ఈసారి నాలుక కరుచుకోకుండా, "వన్స్ మోర్!" అన్నారు.

"వన్స్ మోర్!" అంది క్లాసు.

కరుణ కరస్పాండెంటు గారినే అడిగింది, ఇంగ్లీషులో. "మళ్ళీ చెప్పమంటారా సార్?" ఆయన జవాబు చెప్పేలోపే మళ్ళీ చెప్పింది. ఈసారి ఇంకా గట్టిగా, బటన్ అనే మాటకి ముందు లిఫ్ట్ మనిషిలా ఒక్క క్షణం ఆగి మరీ. డాక్టరుగారు ఇంగ్లీషులో అడిగితే ట్రే వణికించే మనిషి.

ఆ తర్వాత

మర్నాడు కరస్పాండెంటు గారు తన గదికి పిలిచి కూర్చోమన్నారు.

"ఆ నర్సమ్మకి ఇంగ్లీషు బాగా వచ్చింది మాస్టారూ, కాదనను. కానీ ఊళ్ళో నవ్వుతున్నారు. బొమ్మలు మానేయండి, క్లాసు ఉంటుంది."

"బొమ్మలు తీస్తే అది క్లాసు కాదండి."

"మీ వంశానికి ఇదేం పని చెప్పండి? మీ తాతగారి గురించి మా నాన్న కథలుగా చెప్పేవాడు. ఆయన ఉండి ఇది చూస్తే?"

"ఆయన నవ్వేవారు కాదండి. అందుకే ఆయన దగ్గర ఎవరూ ఏమీ నేర్చుకోలేదు. మా నాన్నగారు నవ్వేవారు. ఊరు ఊరంతా పద్యం నేర్చుకుంది."

ఆ వాక్యం నా నోట వస్తుందని నేను అనుకోలేదు. వచ్చాక వెనక్కి తీసుకోవాలనిపించలేదు. క్లాసు గది తాళం ఆయన బల్ల మీద పెట్టి వచ్చేశాను.

వీరరాఘవులు గారు తన కొట్టు పైన గది ఖాళీ చేయించారు. చీరాల మగ్గం మీద నేసిన తెల్ల పంచెల తాను ఒకటి విప్పి గోడకి కట్టారు. అదే తెర. ఫ్యాను గాలికి తెర ఊగేది, లిఫ్ట్ మనిషి పడవలో నిలబడ్డట్టు ఊగుతూనే అంతస్తులు ప్రకటించేవాడు. క్లాసు మొత్తం వచ్చింది. కొత్తవాళ్ళూ వచ్చారు. నేను రిటైరయ్యేదాకా అక్కడే నడిపాను. పెద్ద సంస్థలో లేనందువల్ల మాకు తగ్గిందేమీ లేదు, ముందు వరసలో కుర్చీ తప్ప.

ఇప్పుడా క్లాసు కరుణ నడుపుతోంది. ఆసుపత్రి డ్యూటీ అయ్యాక వస్తుంది. పాఠం నాకంటే బాగా చెబుతుంది, ఎందుకంటే ముందుగా తనే నవ్వుతుంది. నేను కాళ్ళు సహకరించిన సాయంత్రాల్లో రేపల్లె నుంచి వెళ్ళి వెనక గోడ దగ్గర కూర్చుంటాను. వీపు ఆనించను.

మొన్న వెళ్ళేసరికి తెర కట్టి ఉంది, జనం కూర్చుని ఉన్నారు. నేను రిమోట్ తీసుకోబోతుంటే కరుణ చెయ్యి చాపింది.

"మీరు కూర్చోండి సార్, నేను నొక్కుతానండి."

ఆ చేతిని మెల్లగా పక్కకి జరిపాను. "క్షమించాలి," అన్నాను ఇంగ్లీషులో. "బటన్ నొక్కే పని నాది."

వెనకనుంచి ఎవరో అరిచారు: "వన్స్ మోర్ మాస్టారూ!"

మళ్ళీ చెప్పాను.